డిస్మిస్ ఆర్డర్‌పై హైకోర్టుకు వెళ్తే కోర్టు ఏం చూస్తుంది, ఏం చూడదు

ప్రశ్న క్లుప్తంగా ఇది: ఆంధ్రప్రదేశ్‌లో ఒక ప్రభుత్వ కార్యాలయంలో సీనియర్ అసిస్టెంట్, 22 ఏళ్ల సర్వీసు. వసూలైన సొమ్మును ట్రెజరీలో ఆలస్యంగా జమ చేశారని ఒక అభియోగం, రశీదుల్లో అంకెలు దిద్దారని రెండోది, పై అధికారి రాతపూర్వక ఆదేశాన్ని పాటించలేదని మూడోది. ఎంక్వైరీ ఆఫీసర్ ఒకటి, మూడు రుజువయ్యాయని, రెండోది రుజువు కాలేదని రిపోర్టు ఇచ్చారు. శిక్ష వేసే అధికారి మాత్రం మూడూ రుజువైనట్టు తీసుకుని డిస్మిస్ చేశారు. ఆడిట్ రిపోర్టు రాసిన అధికారిని సాక్షిగా పిలవలేదు. అవే ఆరోపణల మీద పెట్టిన క్రిమినల్ కేసు కొట్టేశారు. శాఖాపరమైన అప్పీలును రెండు వాక్యాల్లో తోసిపుచ్చారు. హైకోర్టుకు వెళ్తే ఉద్యోగమూ పాత జీతమూ వస్తాయా?

మీ ఫైలులో బలమైన పాయింట్లు రెండున్నాయి, మధ్యరకంవి ఒకటో రెండో ఉన్నాయి. మీరు అన్నిటికన్నా ఎక్కువ నమ్ముకున్న పాయింటు, అంటే క్రిమినల్ కేసు కొట్టేయడం, వాటిలో అన్నిటికన్నా బలహీనమైనది. కారణాలు వరసగా చెబుతాను.

ముందు ఏ తలుపు తట్టాలో తేల్చుకోండి. ఒకప్పుడు రాష్ట్ర ఉద్యోగులకు పరిపాలనా ట్రిబ్యునల్ ఉండేది. ఇప్పుడు రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ అది లేదు కాబట్టి రాజ్యాంగం 226వ అధికరణ కింద నేరుగా హైకోర్టులో రిట్ (అధికారుల ఉత్తర్వును సరిచూడమని అడిగే పిటిషన్) వేయాలి. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకైతే కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ హైదరాబాద్ బెంచ్. అక్కడ తుది ఉత్తర్వు వచ్చిన నాటి నుంచి ఏడాదిలోగా వెళ్లాలి. అప్పీలు వేసి ఆరు నెలలైనా ఉలుకూ పలుకూ లేకపోతే ఆ ఆరు నెలలు ముగిశాక ఏడాది. 1997లో చంద్రకుమార్ కేసు తీర్పు తర్వాత ట్రిబ్యునల్ తీర్పు మీద హైకోర్టు డివిజన్ బెంచ్‌కు (ఇద్దరు జడ్జీల బెంచ్) వెళ్లే వీలుంది. బ్యాంకులు, కార్పొరేషన్ల ఉద్యోగులకు 311వ అధికరణ రక్షణే (విచారణ, జవాబు చెప్పుకునే అవకాశం లేకుండా ప్రభుత్వ ఉద్యోగిని తొలగించకూడదన్నది) వర్తించదు. వాళ్లకు తమ సంస్థ నిబంధనలు, సహజ న్యాయసూత్రాలే (అవతలివారి మాట వినడం, పక్షపాతం లేకుండా తేల్చడం) ఆధారం. వాళ్లలో కార్మికుడి నిర్వచనం కిందకు వచ్చేవాళ్లు కార్మిక న్యాయస్థానం లేదా పారిశ్రామిక ట్రిబ్యునల్ దారి తప్పక చూసుకోవాలి. శిక్ష తగ్గించే విషయంలో దాని చేతులు హైకోర్టు చేతులకన్నా చాలా స్వేచ్ఛగా ఉంటాయి.

హైకోర్టు రిట్‌కు చట్టంలో రోజుల లెక్క లేదు. అంత మాత్రాన తీరిగ్గా వెళ్లవచ్చని కాదు. అప్పీలు ఉత్తర్వు చేతికొచ్చి ఏళ్లు గడిచాక వెళ్తే, కారణం చెప్పకపోతే, ఆ ఒక్క మాట మీదే కొట్టేస్తారు. రెండు మూడు నెలల్లో వేసేలా చూసుకోండి. మధ్యలో కమిషనర్‌కో మంత్రికో పెట్టుకున్న విజ్ఞప్తులు గడువును పొడిగించవు. చాలామంది ఇక్కడే రెండేళ్లు పోగొట్టుకుంటారు.

ఇక అసలు విషయం. రిట్ వినే జడ్జి మీ ఎంక్వైరీకి అప్పీలు వినడం లేదు. మన రాష్ట్రపు సబ్-ఇన్‌స్పెక్టర్ శ్రీరామారావు కేసులో 1963లోనే సుప్రీంకోర్టు ఈ గీత గీసింది: అధికారం ఉన్నవాడే విచారించాడా, నిబంధనల ప్రకారం విచారించాడా, సహజ న్యాయం పాటించాడా, నిర్ణయానికి ఏదో ఒక సాక్ష్యం ఉందా, అంతవరకే చూడాలి. ఉన్న సాక్ష్యం చాలుతుందా, నమ్మదగిందా అన్నది హైకోర్టు తూచదు. 1975లో చిత్ర వెంకటరావు కేసులోనూ ఇదే మాట. 1995లో చతుర్వేది కేసు దీన్ని ఇంకా స్పష్టం చేసింది. కోర్టు పరీక్షించేది నిర్ణయం తీసుకున్న తీరునే, నిర్ణయం మంచిచెడ్డల్ని కాదు. గుణశేఖరన్ కేసులో హైకోర్టు ఏం చేయవచ్చో, ఏం చేయకూడదో జాబితాలా రాసి పెట్టారు. ప్రభుత్వ ప్లీడర్ చేతిలో ఆ తీర్పు కచ్చితంగా ఉంటుంది. మీరు ముందే చదివి వెళ్లండి.

కాబట్టి అఫిడవిట్‌లో ఇరవై పేజీలు 'నేను నిర్దోషిని, నా మీద కక్ష కట్టారు' అని రాస్తే ఆ ఇరవై పేజీలూ వృథా. శాఖాపరమైన ఎంక్వైరీలో సందేహానికి అతీతంగా రుజువు అక్కర్లేదు, ఇలా జరిగి ఉండటానికే ఎక్కువ అవకాశం ఉందని తేలితే చాలు. సాక్ష్య చట్టం కూడా అక్షరాలా వర్తించదు. 1977లో హర్యానా కండక్టర్ రత్తన్‌సింగ్ కేసులో ప్రయాణికుల్ని సాక్షులుగా పిలవలేదని కింది కోర్టులు ఆయన్ని తిరిగి తీసుకోమంటే, తనిఖీ అధికారి వాంగ్మూలమే సాక్ష్యమని సుప్రీంకోర్టు ఆ తీర్పుల్ని కొట్టేసింది. మీ అఫిడవిట్ మీ చేతులు శుభ్రమని చెప్పడానికి కాకుండా, వాళ్లు ఏ మెట్టు దాటేశారో చూపడానికి ఉండాలి.

మీ ఫైలులో దాటేసిన మెట్టు అన్నిటికన్నా స్పష్టంగా కనబడేది రెండో అభియోగం దగ్గర. ఎంక్వైరీ ఆఫీసర్ రుజువు కాలేదన్నదాన్ని శిక్ష వేసే అధికారి రుజువైందని అనవచ్చు. ఆ అధికారం ఆయనకుంది. కానీ అలా అనేముందు, తాను ఎందుకు విభేదిస్తున్నారో తాత్కాలిక కారణాలు రాసి, రిపోర్టు కాపీతో పాటు మీకు పంపి, మీ జవాబు తీసుకున్నాకే తుది నిర్ణయానికి రావాలి. 1998లో కుంజ్ బిహారీ మిశ్రా కేసులో సుప్రీంకోర్టు ఈ మాట చెప్పింది. ఇక్కడ ఒకటి గమనించాలి. మీకు వచ్చిన షోకాజ్ నోటీసు తీసి చూడండి. అందులో విభేదించిన కారణాలు ఉన్నాయా, లేక 'రిపోర్టు పంపుతున్నాం, మీ వివరణ ఇవ్వండి' అని మాత్రమే ఉందా? రెండో రకమైతే పాయింటు నిలబడుతుంది. కారణాలు ఉండి, అవి 'రుజువైందని నిర్ణయించాను' అన్న ధోరణిలో ఉంటే కూడా పాయింటే, ఎందుకంటే అప్పటికే మనసు కట్టేసుకున్నట్టు లెక్క. తాత్కాలిక అభిప్రాయమని రాసి, కారణాలిచ్చి, మీ జవాబును ఫైనల్ ఆర్డర్‌లో చర్చించి ఉంటే ఈ పాయింటు వదిలేయండి.

అయితే ఇక్కడొక గుంట ఉంది. రెండో అభియోగం పడిపోయినా ఒకటి, మూడు మిగిలాయి కదా, వాటితోనే డిస్మిసల్ నిలుస్తుంది అని ప్రభుత్వ ప్లీడర్ అంటారు. 1962లో ఒరిస్సా ప్రభుత్వానికీ బిద్యాభూషణ్ మహాపాత్రకూ మధ్య నడిచిన కేసు ఆయనకు ఆయుధం: కొన్ని అభియోగాలు పోయినా, మిగిలిన గట్టి అభియోగం మీద ఆ శిక్ష చట్టప్రకారం వేయదగినదే అయితే కోర్టు శిక్షలో వేలు పెట్టదు. దీనికి జవాబు శిక్ష ఉత్తర్వు మాటల్లోనే వెతకాలి. 'మూడు అభియోగాల తీవ్రతను కలిపి చూసి' అనో, 'ముఖ్యంగా రశీదుల దిద్దుబాటు వంటి మోసం వల్ల' అనో రాసి ఉంటే, దిద్దుబాటు లేకపోతే ఇంత శిక్ష పడేది కాదని వాదించే వీలుంటుంది. సొమ్ము పూర్తిగా జమ అయింది, ఆలస్యం మాత్రమే అని రికార్డులో ఉంటే ఆ వాదన ఇంకా గట్టిపడుతుంది. ఉత్తర్వులో లేని కారణాన్ని తర్వాత కౌంటర్ అఫిడవిట్‌లో (రిట్‌కు ప్రభుత్వం ఇచ్చే జవాబులో) చేర్చుకునే వీలు ప్రభుత్వానికి లేదు. 1977 నాటి మొహిందర్‌సింగ్ గిల్ తీర్పు అందుకు పనికొస్తుంది. కౌంటర్ చేతికి వచ్చాక ఉత్తర్వు పక్కన పెట్టి వాక్యం వాక్యం పోల్చండి.

ఆడిట్ అధికారిని పిలవకపోవడం మీ రెండో బలం, ఒక షరతు మీద. పత్రం ఉన్నంత మాత్రాన అందులోని విషయం రుజువైనట్టు కాదు. దాన్ని తెచ్చి పెట్టి, ఎవరో ఒకరు దాని గురించి చెప్పి, మీకు క్రాస్ ఎగ్జామినేషన్ అవకాశం ఇవ్వాలి. రూప్‌సింగ్ నేగి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. పోలీసుల ముందు సేకరించిన కాగితాల్ని ఎవరూ నిరూపించకుండా వాటి మీదే శిక్ష వేయడాన్ని అక్కడ తప్పుపట్టింది. షరతు ఏమిటంటే, ఛార్జ్ మెమోకు (అభియోగాలు రాసి మీకిచ్చిన పత్రానికి) మీరు ఇచ్చిన జవాబులో 'ఆలస్యం జరిగిన మాట నిజమే, పని ఒత్తిడి వల్ల' అని రాసి ఉంటే మొదటి అభియోగానికి ఆ మాటే సాక్ష్యం. ఒప్పుకున్నదాన్ని వేరే నిరూపించనక్కర్లేదు. ఈ ఒక్క వాక్యం వల్ల కేసు పోయినవాళ్లు చాలామంది. మీ జవాబు కాపీ మళ్లీ చదువుకుని, ఏది ఒప్పుకున్నారో, ఏది ఒప్పుకోలేదో గీత గీసి మీ వకీలుకు ఇవ్వండి. అంత సాక్ష్యం మీకే వ్యతిరేకంగా ఉన్నచోట ఆడిటర్ పాయింటును రెండో అభియోగానికే పరిమితం చేయడం మంచిది, అన్నిటికీ పూస్తే జడ్జి దృష్టిలో రెండోది కూడా పలచబడుతుంది.

అప్పీలు ఉత్తర్వు సంగతి సులువు. అప్పీలు వినే అధికారి ఎంక్వైరీ విధానం సరిగా నడిచిందా, సాక్ష్యం సరిపోతుందా, శిక్ష తగినదా అని మూడింటినీ తనంతట తాను చూసి కారణాలు రాయాలి. 1986లో రైల్వే ఉద్యోగి రామ్‌చందర్ కేసులో ఇది తేల్చారు. మీ రెండు వాక్యాల ఉత్తర్వు ఆ పరీక్షలో ఓడుతుంది. కానీ ఈ ఒక్క పాయింటు మీదే గెలిస్తే చేతికొచ్చేది అప్పీలును మళ్లీ వినమన్న ఆదేశం మాత్రమే, ఉద్యోగం కాదు. అందుకే ప్రేయర్‌లో (పిటిషన్ చివర ఏం కావాలో కోరే భాగంలో) రెండు ఉత్తర్వులనూ, డిస్మిసల్‌ను, అప్పీలు తిరస్కరణను, రద్దు చేయమని అడగాలి.

క్రిమినల్ కేసు. ప్రాసిక్యూషన్ సాక్షులు ఎదురు తిరిగారనో, సందేహం ఉంది కాబట్టి దాని లాభం నిందితుడికి ఇచ్చామనో కొట్టేసి ఉంటే, శాఖాపరమైన శిక్షకు దానివల్ల నష్టం లేదు. రుజువు కొలతలు వేరు. అదే అభియోగాలు, అవే సాక్షులు, అదే పత్రాలు ఉండి, ఆ సాక్ష్యాన్ని విశ్లేషించి నేరం జరగనే లేదని కోర్టు తేల్చిన చోట మాత్రం కథ వేరు. అలాంటి చోట్ల సుప్రీంకోర్టు ఉద్యోగంలోకి తీసుకోమంది. 1999లో పాల్ ఆంథోనీ కేసు, 2023లో రాజస్థాన్ కానిస్టేబుల్ రామ్‌లాల్ కేసు ఉదాహరణలు. తీర్పు చివర ఉన్న 'నిర్దోషి' అన్న మాట చూసి ఆగకండి, మధ్యలో జడ్జి సాక్ష్యం గురించి ఏం రాశారో చూడండి. సందేహం లాభం మీదైతే పది పేరాలు రాయకుండా ఒక్క పేరాతో సరిపెట్టండి.

శిక్ష ఎక్కువైందన్న వాదనకు సర్కారు సొమ్ము కేసుల్లో ఆదరణ తక్కువ. కోర్టు అంతరాత్మ ఉలిక్కిపడేంత అసమానంగా ఉంటేనే జోక్యం, అదీ చాలావరకు మళ్లీ ఆలోచించమని వెనక్కి పంపడమే. మొత్తం చిన్నదని చెప్పి ప్రయోజనం ఉండదు. నమ్మకం పోయిందన్నదే కోర్టులు చూస్తాయి. ఈ వాదన బతికే చోటు ఒకటుంది: అదే ఘటనలో మరో ఉద్యోగి మీద అంతే తీవ్రమైన అభియోగం రుజువై, ఆయనకు ఇంక్రిమెంట్ ఆపి వదిలేశారనుకోండి. 2013లో రాజేంద్ర యాదవ్ కేసు ఆ వివక్షను ఒప్పుకోలేదు. అలాంటి సహోద్యోగి ఉంటే ఆయన శిక్ష ఉత్తర్వు కాపీ సంపాదించండి. నోటిమాటగా చెబితే విలువ లేదు. మీ పాత శిక్షల్ని కూడా లెక్కలోకి తీసుకున్నామని ఉత్తర్వులో ఉండి, ఛార్జ్ మెమోలో గానీ నోటీసులో గానీ ఆ సంగతి మీకు చెప్పకపోతే 1963 నాటి మంచెగౌడ తీర్పు పనికొస్తుంది.

పైపైన చదివేవాళ్లకు కనబడని లోపాలు కొన్ని నోట్ ఫైలులో (నిర్ణయం తీసుకునేటప్పుడు అధికారులు రాసుకున్న నోట్‌ల ఫైలు) దొరుకుతాయి. సమాచార హక్కు కింద ఛార్జ్ మెమో ఆమోదం తాలూకు నోట్‌షీట్ అడగండి, 30 రోజుల్లో ఇవ్వాలి. ఎంక్వైరీ మొదలుపెట్టడానికి ఒప్పుకోవడం ఒకటి, ఛార్జ్ మెమో పాఠాన్ని ఆమోదించడం ఇంకొకటి. గోపీనాథ్ కేసులో అధికారం ఉన్నవాడు ఆ పాఠాన్ని ఆమోదించనందుకే మొత్తం చర్య కూలిపోయింది. విజిలెన్స్ సలహా తీసుకుని దాని మీద ఆధారపడి, మీకు కాపీ ఇవ్వకపోయినా తప్పే. డిస్మిస్ చేసిన అధికారి మిమ్మల్ని నియమించిన అధికారికన్నా కింది స్థాయివాడు కాకూడదు, 311(1) అదే చెబుతుంది. నియామక ఉత్తర్వు మీద సంతకం ఎవరిదో చూసి పోల్చుకోండి. ఎంక్వైరీ ఆఫీసరే సాక్షుల్ని ప్రాసిక్యూటర్‌లా నడిపించారా, శాఖ తరఫున కేసు నడిపే ప్రెజెంటింగ్ ఆఫీసర్ ఉన్నారా అన్నది రోజువారీ ఆర్డర్ షీట్లలో తెలుస్తుంది. మీరు మీ తరఫున సాక్ష్యం చెప్పకపోతే, మీకు వ్యతిరేకంగా వచ్చిన విషయాల మీద చివర్లో మిమ్మల్ని ప్రశ్నించడం కూడా విధాన నిబంధనల్లో ఉంది. చాలా ఎంక్వైరీల్లో ఈ మెట్టు మరిచిపోతారు.

ఇలాంటి ప్రతి లోపానికీ పక్కన ఇంకో వాక్యం రాయాలి: దానివల్ల నాకు ఏ నష్టం జరిగింది. 1993లో మన హైదరాబాద్ ఈసీఐఎల్ ఉద్యోగి కరుణాకర్ కేసు నుంచి ఇది నియమం. ఎంక్వైరీ రిపోర్టు కాపీ ఇవ్వకపోతే తప్పే, కానీ ఇచ్చి ఉంటే ఏం తేడా వచ్చేదో చూపమని కోర్టు అడుగుతుంది. 'ఫలానా రిజిస్టరు ఇవ్వలేదు' అని ఆపేస్తే చాలదు. 'ఆ రిజిస్టరులో ఫలానా తేదీన ఆ సొమ్ము క్యాషియర్‌కు అప్పగించినట్టు ఉంది, అది లేక రెండో సాక్షిని ఫలానా విషయం అడగలేకపోయాను' అని రాయాలి. రిజిస్టరు కోసం ఎంక్వైరీ సమయంలోనే రాతపూర్వకంగా అడిగిన అర్జీ కాపీ ఉంటే జతచేయండి. అప్పుడు అడగకుండా ఇప్పుడు ఫిర్యాదు చేస్తే జడ్జి వినరు.

రిట్‌కు జతచేసే మెటీరియల్ పేపర్లలో సస్పెన్షన్ ఉత్తర్వు, నాలుగు అనుబంధాలతో ఛార్జ్ మెమో, మీ జవాబు, డైలీ ఆర్డర్ షీట్లు, సాక్షుల వాంగ్మూలాలు క్రాస్‌తో సహా, ఎంక్వైరీ రిపోర్టు, షోకాజ్, దానికి మీ వివరణ, శిక్ష ఉత్తర్వు, అప్పీలు మెమో, అప్పీలు ఉత్తర్వు, క్రిమినల్ కోర్టు తీర్పు ఉండాలి. అప్పీలు మెమోలో లేవనెత్తని వాస్తవాన్ని రిట్‌లో కొత్తగా తేవడం కష్టం. చట్టపరమైన పాయింటు మాత్రం తేవచ్చు. మరొకటి, ఇప్పటికి ఇంకెక్కడా జీతం వచ్చే పని చేయడం లేదని అఫిడవిట్‌లో స్పష్టంగా రాయండి. 2013 నాటి దీపాలీ సుర్వసే తీర్పు ప్రకారం ఆ మాట మీరు చెప్పాక, కాదని నిరూపించే భారం అవతలివాళ్లది. అది రాయని పిటిషన్లలో పాత జీతం దగ్గర చిక్కు వస్తుంది. నిజంగా ఏదైనా పని చేస్తుంటే దాచకండి.

డిస్మిసల్‌ను నిలిపేసే మధ్యంతర ఉత్తర్వు మామూలుగా రాదు. ఇస్తే తుది ఫలితం ముందే ఇచ్చినట్టవుతుందని కోర్టు వెనుకాడుతుంది. అడగండి, కానీ దాని మీద ఇల్లు గడిచే లెక్క వేసుకోకండి. కౌంటర్ త్వరగా వేయమనీ, విచారణ తేదీ దగ్గరగా ఇవ్వమనీ పట్టుబట్టడమే ఎక్కువ పనికొస్తుంది.

గెలిస్తే ఏమొస్తుంది? మీ ఫైలులో లోపం విధానానికి సంబంధించింది. కాబట్టి ఎక్కువ అవకాశం ఉన్న ఫలితం ఇది: శిక్ష రద్దు, తప్పు జరిగిన దశ నుంచి, అంటే విభేదించిన కారణాలతో నోటీసు ఇచ్చే దశ నుంచి, మళ్లీ నడపమన్న ఆదేశం. మళ్లీ నడిపే వ్యవధిలో మిమ్మల్ని సస్పెన్షన్‌లో ఉంచవచ్చు, జీవనాధార భత్యం (జీతంలో కొంత భాగం) ఇస్తారు. మధ్యకాలపు జీతం ఆ తర్వాత వచ్చే ఉత్తర్వును బట్టి తేలుతుంది. తిరిగి ఉద్యోగంలోకి వచ్చినవారి జీతం గురించి చెప్పే ప్రాథమిక నిబంధన 54-ఎ లో కూడా సాంకేతిక కారణంతో రద్దయిన శిక్షకూ, అసలు విషయం మీద రద్దయిన శిక్షకూ తేడా ఉంది. పూర్తి జీతం రెండో రకానికే. రిమాండ్ (ఇలా మళ్లీ నడపమని వెనక్కి పంపడం) వస్తుందనిపించినప్పుడు మీ వకీలు అక్కడికక్కడే రెండు మాటలు అడగాలి: ఇన్ని నెలల్లో ముగించాలన్న గడువు, అప్పటిదాకా జీవనాధార భత్యం క్రమం తప్పకుండా ఇవ్వాలన్న ఆదేశం. గడువు లేని రిమాండ్ ఏళ్ల తరబడి సాగుతుంది, ఈలోగా రిటైర్మెంట్ వచ్చేస్తుంది. రిటైరైనా పెన్షన్ నిబంధనల కింద ఎంక్వైరీ కొనసాగవచ్చు, పెన్షన్‌లో కోత పడవచ్చు.

అందుకే పాత జీతం మీద పట్టుపట్టకుండా ఆలోచించాల్సిన ఇంకో దారి కూడా చెబుతాను. డిస్మిసల్‌కూ రిమూవల్‌కూ తేడా ఉంది. మామూలుగా డిస్మిసల్ అయితే మళ్లీ ప్రభుత్వ ఉద్యోగానికి అర్హత పోతుంది, రిమూవల్‌కు పోదు. రెండింటిలోనూ గత సర్వీసు పోయి పెన్షన్ ఉండదు, కనికరపు భత్యం ఒక్కటే ఇవ్వవచ్చు. నిర్బంధ పదవీ విరమణ అయితే 22 ఏళ్ల సర్వీసుకు పెన్షన్ దారి తెరుచుకుంటుంది. శిక్షను పునరాలోచించమని కోర్టు వెనక్కి పంపితే, ప్రత్యామ్నాయంగా ఆ శిక్షను పరిశీలించమని రిప్రజెంటేషన్ ఇవ్వడం చేతకానితనం కాదు. మొదటి అభియోగాన్ని మీరు ఒప్పుకుని ఉంటే, ఇంటిని నిలబెట్టేది బహుశా అదే.

సింగిల్ జడ్జి కొట్టేస్తే రిట్ అప్పీలుకు 30 రోజులు. ప్రభుత్వం అప్పీలుకు వెళ్తుందని అనుమానం ఉంటే తీర్పు వచ్చిన వెంటనే కేవియట్ (నా మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వవద్దన్న అర్జీ) వేయించండి, మీకు తెలియకుండా స్టే రాదు. గెలిచిన తీర్పును అమలు చేయకపోతే కోర్టు ధిక్కారం పిటిషన్‌కు ఏడాది గడువు. తీర్పు సర్టిఫైడ్ కాపీని రిజిస్టర్డ్ పోస్టులో శాఖకు పంపిన రశీదు దాచుకోండి, తీర్పు శాఖకు ఎప్పుడు పంపారో ఆ రశీదే చెబుతుంది.